ఒకే మంటతో గదికి వెచ్చదనం, వుజూకు వేణ్నీళ్లు: కశ్మీర్ హమామ్ ఎలా పనిచేస్తుంది?

డిసెంబర్ 21న కశ్మీర్‌లో ‘చిల్లై కలాన్’ మొదలవుతుంది. అంటే 40 రోజుల గడ్డు చలి. రాత్రుళ్లు పైపుల్లోనే నీళ్లు గడ్డకట్టేస్తాయి. అలాంటి తెల్లవారుజామున ఫజర్ నమాజ్‌కు వుజూ ఎలా? అక్కడి మస్జిదుల్లో, ఎన్నో ఇళ్లలో దీనికి జవాబు హమామ్.

హమామ్ అనగానే మనకు సబ్బో, స్నానాల గదో గుర్తొస్తుంది. కశ్మీరీ హమామ్ మాత్రం కూర్చునే గది కూడా. దాని నేలంతా రాతి పలకలే. వాటి కింద పొట్టి స్తంభాలు, మధ్యలో ఖాళీ. కట్టెలు పెట్టే పొయ్యి నోరు గది బయట గోడకు ఉంటుంది. పొయ్యి మీద రాగి నీళ్ల తొట్టి. మంట తొట్టిని కాస్తుంది. వేడి పొగ పలకల కింద నుంచి వెళ్లి, అవతల పొగగొట్టం గుండా బయటకు పోతుంది. రాయి నెమ్మదిగా వేడెక్కి, నెమ్మదిగానే చల్లారుతుంది. అందుకే మంట ఆరినా గంటల తరబడి నేల వెచ్చగానే ఉంటుంది.

ఖర్చు సంగతి చూద్దాం. 100 లీటర్ల నీళ్లను 5 డిగ్రీల నుంచి 45 డిగ్రీలకు కాచాలంటే గీజర్‌కు సుమారు 4.6 యూనిట్ల కరెంటు కావాలి. గదిలో హీటర్ పెడితే ఆ బిల్లు వేరే. హమామ్‌లో రెండు పనులూ ఒకే మంటతో అయిపోతాయి. కానీ అంత రాయి వేడెక్కాలంటే కట్టెలు బాగానే పడతాయి. ఇంటిల్లిపాదీ ఆ ఒక్క గదిలోనే గడిపితేనే గిట్టుబాటు.

జాగ్రత్తలు రెండు. తొట్టి నుంచి ఆవిరి బయటకు పోయే దారి ఎప్పుడూ తెరిచే ఉండాలి. ఆ దారి మూసుకుపోయినా, పైపులో నీళ్లు గడ్డకట్టినా తొట్టి పేలిపోయే ప్రమాదం ఉంది. ఇక పలకల సందుల్లో పగుళ్లు వస్తే కార్బన్ మోనాక్సైడ్ గదిలోకి వస్తుంది. దానికి రంగు లేదు, వాసన లేదు. ప్రాణం మాత్రం తీస్తుంది.

ఈ రెండో మాట మన ఇళ్లకూ వర్తిస్తుంది. గ్యాస్ గీజర్‌ను బాత్‌రూమ్ లోపల బిగించి, తలుపు కిటికీలు మూసుకుని గుస్ల్ చేస్తే అదే వాయువు లోపల పేరుకుపోతుంది. తలనొప్పి, వికారం, కళ్లు తిరగడం మొదలైతే చలి అని చూడకుండా వెంటనే బయటకు రావాలి. గీజర్‌ను బాత్‌రూమ్ బయట, గాలి ఆడే చోట పెట్టించుకుని, నీళ్ల పైపు మాత్రమే లోపలికి తెచ్చుకోవాలి. హమామ్‌లోనూ పొయ్యి నోరు గది బయటే ఉంటుంది కదా!