ప్రళయ కావేరిలో ఒకరోజు

దీవులు, వలస పక్షులు, డచ్చివారి సమాధులు, పక్కనే రాకెట్ కేంద్రం... అన్నీ ఒకే సరస్సు చుట్టూ! తిరుపతి నుంచి తెల్లవారకముందే బయల్దేరితే రాత్రికి ఇల్లు చేరేలా ఓ చక్కటి విహారయాత్ర.

తిరుపతి జిల్లా అనగానే ఏడుకొండలు గుర్తొస్తాయి. ఆ తర్వాత శ్రీకాళహస్తి, చంద్రగిరి కోట. ఈ జిల్లాలో దీవులు కూడా ఉన్నాయంటే మాత్రం ఆశ్చర్యపోయేవాళ్లే ఎక్కువ. 2022 ఏప్రిల్‌లో కొత్త జిల్లాలు ఏర్పడ్డాక, అప్పటిదాకా నెల్లూరులో ఉన్న సూళ్లూరుపేట ప్రాంతం తిరుపతిలో కలిసింది. కొండల జిల్లాకు సముద్రతీరంతోపాటు పులికాట్ సరస్సూ దక్కింది.

పులికాట్ అన్నది పటాల్లో పేరు. ఒడ్డున ఉండే తెలుగువాళ్ల నోట దాని పేరు ప్రళయ కావేరి. ఈ దీవుల జీవితాన్ని అక్కడి మాటతీరులోనే కథలుగా రాసిన స.వెం.రమేశ్ తన పుస్తకానికి ‘ప్రళయ కావేరి కథలు’ అనే పేరు పెట్టారు.

ఒడిశాలోని చిలికా తర్వాత మన దేశంలో ఇదే అతిపెద్ద ఉప్పునీటి సరస్సు. రుతువును బట్టి 250 నుంచి 450 చదరపు కిలోమీటర్ల దాకా విస్తరిస్తుంది. అందులో ఎక్కువ భాగం ఆంధ్రప్రదేశ్‌లో, మిగతాది తమిళనాడులో ఉంది. ఇంత పెద్ద సరస్సు కదా అని లోతు కూడా అలాగే ఉంటుందనుకుంటే పొరపాటే. చాలాచోట్ల మనిషి నడుము దాటదు!

పక్షులే మొదటి మజిలీ

శ్రీకాళహస్తి, నాయుడుపేట మీదుగా చెన్నై జాతీయ రహదారి ఎక్కి దక్షిణంగా వెళ్తే దొరవారిసత్రం వస్తుంది. అక్కడికి దగ్గర్లోనే నేలపట్టు పక్షుల రక్షిత కేంద్రం. గూడబాతులు పెద్ద సంఖ్యలో పిల్లల్ని పొదిగే చోటిది. చెరువు నీళ్లలో నిలబడిన చెట్ల మీద గూళ్లు కట్టుకుని, ప్రళయ కావేరికి ఎగిరివెళ్లి, గొంతు సంచినిండా చేపలు తెచ్చి పిల్లలకు పెడతాయి. అంటే కాపురం నేలపట్టులో, వంటిల్లు సరస్సులో అన్నమాట. ఆ వంటిల్లు ఎండిపోతే కాపురమూ ఉండదు.

ఊరివాళ్లు ఈ పక్షుల జోలికి పోరు. కారణం కేవలం దయ ఒక్కటే కాదు. పక్షుల రెట్టలు కలిసిన చెరువు నీళ్లు పొలానికి పారితే ఎరువు వేసినట్టే. పక్షి వస్తే పంట బాగుంటుందన్నది తరాల అనుభవం. చట్టం చెప్పకముందే అక్కడ పక్షికి రక్షణ దొరికింది ఇలాగే.

నేలపట్టు చూశాక సూళ్లూరుపేట. కాళంగి ఒడ్డున చెంగాళమ్మ గుడి ఉంది. రాకెట్ ప్రయోగాలకు ముందు ఇస్రో పెద్దలు ఈ అమ్మవారి దర్శనానికి వస్తుంటారు. ఊరు దాటి శ్రీహరికోట రోడ్డెక్కితే ఇక రెండువైపులా నీళ్లే. అటకానితిప్ప దగ్గర ఆగితే, శీతకాలంలో దూరంగా తెల్లటి గీత గీసినట్టు కనిపిస్తుంది. కాస్త నిదానించి చూస్తే గులాబీ రంగు తేలుతుంది. అవే ఫ్లెమింగోలు! ముక్కును తలకిందులుగా నీళ్లలో ముంచి, బురదను వడగట్టి, అందులోని నాచునూ చిన్న చిన్న జీవుల్నీ తింటాయి. మోకాలి లోతు నీళ్లుంటేనే వాటికి ఈ తిండి దొరుకుతుంది. 2001లో వీటి పేరుతోనే మొదలైన ఫ్లెమింగో ఫెస్టివల్, కొన్నేళ్ల విరామం తర్వాత 2025 జనవరిలో మళ్లీ జరిగింది.

అటు రాకెట్లు... ఇటు పడవలు

ఇదే రోడ్డు చివర శ్రీహరికోట. అది కూడా దీవే. సరస్సుకీ సముద్రానికీ మధ్య గోడలా పడుకుని ఉంటుంది. 1969లో రాకెట్ కేంద్రం కోసం దీన్ని ఎంపిక చేశారు. 1971 అక్టోబరు 9న మొదటి రోహిణి రాకెట్ ఇక్కడి నుంచి ఎగిరింది. 2023 జులై 14న చంద్రయాన్-3 బయల్దేరిందీ ఇక్కడి నుంచే. అంతకుముందు ఆ దీవి మద్రాసుకు వంటచెరకు పంపిన అడవి. బకింగ్‌హామ్ కాలువలో పడవల మీద కట్టెలు వెళ్లేవి. అడవిలో యానాదుల గూడేలుండేవి. రాకెట్ కేంద్రం వచ్చాక చాలా ఊళ్లు ఖాళీ అయ్యాయి.

సరస్సును చీలుస్తూ వేసిన ఈ రోడ్డు దేశాన్ని అంతరిక్షానికి చేర్చింది. కానీ సరస్సులో నీళ్లు అటూ ఇటూ తిరగడానికి అదే అడ్డుకట్టయింది. రోడ్డుకు ఉత్తరాన ఉన్న భాగం ఎండాకాలంలో చాలావరకు ఎండి, ఉప్పుపొర తేలి, నెర్రెలు విచ్చుతుంది. ఆర్నెల్ల కిందట పడవ నడిచిన చోట బండి నడుస్తుంది!

తీరా నీటిని తాకేది తడ దగ్గర. జాతీయ రహదారి నుంచి లోపలికి వెళ్తే భీమునివారిపాళెం రేవు. ఇరకం దీవికి పడవలు ఇక్కడి నుంచే. ఇంజను పెట్టిన పడవైనా నీళ్లు పలచబడిన చోట ఇంజను ఆపి గడకర్రతో నెట్టాల్సిందే. కింద ఎక్కడ ఇసుక మేట ఉందో, ఎక్కడ లోతు ఉందో పైకి కనిపించదు. పుట్టి పెరిగిన పడవవాడికే తెలుస్తుంది. ఈ యాత్రలో అసలు గైడు అతనే. దారిలో కర్రలు పాతి కట్టిన వలలు, తలకు గుడ్డ చుట్టుకుని నీళ్లలో నిలబడి చేతులతోనే రొయ్యలు దేవే యానాదులు, పక్కనుంచి సాగిపోయే నాటు పడవలు... చూస్తుండగానే దీవి దగ్గరపడుతుంది.

ఇరకం తడ మండలంలోని ఓ పంచాయతీ. అందరి ఊళ్లలాగే గుడి, బడి, కొబ్బరి చెట్లు, ఇసుక దారులు. తేడా అల్లా ఒకటే... బస్సు రాదు. బియ్యం బస్తా నుంచి పెళ్లి సామాను దాకా పడవెక్కాల్సిందే. నెలలు నిండిన ఆడమనిషిని ఆస్పత్రికి తీసుకెళ్లాలన్నా, పైచదువుకి పిల్లలు ఒడ్డు చేరాలన్నా అదే దారి. ఎన్నికలప్పుడు పోలింగ్ సిబ్బంది, యంత్రాలు పడవల్లో వెళ్లే ఫొటోలు పేపర్లలో వచ్చేది ఈ ఊరి నుంచే. వంతెన కావాలన్నది దీవివాళ్ల చిరకాల కోరిక. శ్రీహరికోట రోడ్డులా నీళ్లను ఆపకుండా, కింద ప్రవాహం సాగేలా కడితేనే ఊరికీ సరస్సుకీ మేలు.

అక్కడికి సమీపంలోని వేనాడుకు మాత్రం రోడ్డుంది. అక్కడి దర్గాలో ఏటా జరిగే గంధ మహోత్సవానికి మతభేదం లేకుండా చుట్టుపక్కల జనం తరలివస్తారు.

వచ్చారు... వెళ్లారు

మధ్యాహ్నం భోజనం ముగించుకుని ఆరంబాక్కం, గుమ్మిడిపూండి, పొన్నేరి మీదుగా సరస్సు దక్షిణపు కొసకు వెళ్తే తమిళనాడులోని పళవేర్కాడు. ఇంగ్లిష్‌వాళ్ల నోట ఈ పేరే పులికాట్ అయింది. ఇప్పుడు చేపల వాసన వేసే చిన్న ఊరు. నాలుగు వందల ఏళ్ల కిందట కోరమండల్ తీరం మొత్తానికీ డచ్చివారి ముఖ్య కేంద్రం ఇదే!

చంద్రగిరి రాయల కాలమది. వెంకటపతి రాయల అనుమతితో 1610లో డచ్చివారు ఇక్కడ వర్తకం మొదలుపెట్టారు. 1613లో కోట కట్టుకుని గెల్డ్రియా అని పేరు పెట్టారు. వాళ్లకు కావాల్సింది మన బట్టలు. ఇక్కడి అద్దకం బట్టలు, రంగుల గళ్ల బట్టలు ఓడలకెత్తి ఇండోనేషియా దీవుల్లో అమ్మి, బదులుగా జాజికాయ, లవంగం కొనేవారు. మలేషియా, ఇండోనేషియాల్లో గళ్ల లుంగీని ఇప్పటికీ ‘కైన్ పెలెకాట్’ అంటారు. అంటే పులికాట్ బట్ట అని. ఊరి పేరు అక్కడ లుంగీ అయి బతికింది! ఇదే రేవు నుంచి బట్టలతోపాటు మనుషుల్నీ బానిసలుగా ఓడలెక్కించారు. కరవు రోజుల్లో తిండికి అల్లాడి అమ్ముడుపోయినవాళ్లు వారిలో ఎందరో.

ఇక్కడ పదేళ్లు ఉన్న అబ్రహాం రోజర్ అనే డచ్చి మతగురువు, పద్మనాభుడనే బ్రాహ్మణుణ్ని అడిగి తెలుసుకుని హిందువుల ఆచారాల మీద పుస్తకం రాశాడు. 1651లో అచ్చయిన ఆ పుస్తకం ద్వారానే భర్తృహరి సుభాషితాలు మొదటిసారి ఐరోపా భాషలోకి వెళ్లాయి.

ఇప్పుడా కోట చోట చెట్లూ పొదలూ కమ్మిన మట్టిదిబ్బ, కందకం ఆనవాళ్లు మిగిలాయి. చూడదగ్గది డచ్చివారి శ్మశానం. పురావస్తు శాఖ రక్షణలో ఉంది. ద్వారానికి అటూ ఇటూ రాతిలో చెక్కిన అస్థిపంజరాలు! పిల్లలు భయపడతారో, ఫొటోలకు ఎగబడతారో చెప్పలేం. లోపల స్తంభాల్లాంటి గోపురాలు, సమాధి పలకల మీద వంశ చిహ్నాలు, డచ్చి భాషలో రాతలు. ఎక్కడో చలిదేశంలో పుట్టి, బట్టల బేరానికొచ్చి, ఈ ఉప్పుగాలిలో కన్నుమూసినవాళ్లు వీళ్లంతా.

సరస్సు ఉత్తరపు కొసన, వాకాడు మండలంలోని దుగరాజపట్నానిదీ ఇలాంటి కథే. అక్కడ 1626లో ఇంగ్లిష్‌వాళ్లు గిడ్డంగి కట్టి ఫిరంగులు ఎక్కించారు. దానికి వాళ్లు పెట్టిన పేరు ఆర్మగాన్. బేరం అంతగా సాగలేదు. అక్కడి అధికారి ఫ్రాన్సిస్ డే వేరే చోటు వెతుక్కుంటూ దక్షిణానికెళ్లి, 1639లో దామర్ల వెంకటాద్రి నాయకుడి దగ్గర ఓ ఇసుకనేల సంపాదించాడు. వెంకటాద్రి తండ్రి చెన్నప్ప పేరు మీద వెలసిందే చెన్నపట్నం. ఆ దామర్ల వంశం వాళ్లే తర్వాత కాళహస్తి జమీందార్లు. ఆర్మగాన్‌లో బేరం సాగి ఉంటే ఇవాళ మద్రాసు ఎక్కడ ఉండేదో!

డచ్చివారు 1690లో ముఖ్య కేంద్రాన్ని నాగపట్నానికి మార్చారు. చివరికి 1825లో పులికాట్ ఇంగ్లిష్‌వాళ్ల పరమైంది. దుగరాజపట్నంలో పెద్ద ఓడరేవు కడతామని 2014 నాటి రాష్ట్ర విభజన చట్టంలో రాశారు. తొలి దశకు పెట్టుకున్న గడువు 2018. ఆ గడువు దాటిపోయింది కానీ రేవు రాలేదు.

గొంతు మూసుకుపోతే...

వచ్చినవాళ్లంతా వెళ్లిపోయినా, సరస్సును నమ్ముకున్న చేపలవాళ్లు వెళ్లలేదు. వాళ్ల బతుకంతా ఒక చిన్న విషయం మీద ఆధారపడి ఉంది. అదే సముద్రపు ముఖద్వారం.

చిత్తూరు కొండల వైపు నుంచి వచ్చే కాళంగి, అరణియార్ వానాకాలంలో సరస్సుకు మంచినీళ్లు తెస్తాయి. ముఖద్వారం గుండా సముద్రపు పోటు ఉప్పునీళ్లు తెస్తుంది. ఈ రెండూ కలిసిన నీళ్లలోనే రొయ్య పెరుగుతుంది. రొయ్య గుడ్డు పెట్టేది సముద్రంలో. వెంట్రుకంత పిల్లలు పోటుతోపాటు సరస్సులోకి వచ్చి, పెరిగి, మళ్లీ సముద్రానికి వెళ్తాయి. దారి మూసుకుపోతే రావడమూ లేదు, పోవడమూ లేదు.

ఈ తీరంలో అలలు ఏడాది పొడుగునా ఇసుకను ఒడ్డు వెంబడి నెడుతూనే ఉంటాయి. నదుల వరద బలంగా ఉంటే ఆ ఇసుకను తోసి దారి తెరుస్తుంది. వానలు తగ్గి, నదుల మీద ఆనకట్టలు పెరిగాక ఆ బలం తగ్గింది. ఉత్తరాన రాయదొరువు దగ్గరి ముఖద్వారం ఇలాగే పూడిపోయింది. దక్షిణాన పళవేర్కాడు దగ్గరున్న దారికీ ఇసుక బెడద తప్పడం లేదు. ఉత్తరాన నీళ్లు తగ్గేకొద్దీ చేపలవాళ్లు దక్షిణానికి జరుగుతారు. అక్కడ తమిళనాడు పడవలతో హద్దుల తగాదా. నీటి మీద గీత గీయడం ఎవరి తరం? పూడిక తీయాలన్న మాట ప్రతి ఎన్నికలోనూ వినిపిస్తుంది. ఒకసారి తీసి వదిలేస్తే సరిపోదు, ఇసుక మళ్లీ వస్తుంది. ఏటేటా చూసుకోవాల్సిన పని అది.

పొద్దు వాలే వేళ పళవేర్కాడు ఒడ్డున నిలబడితే, వేటకు వెళ్లిన పడవలు ఒక్కొక్కటే తిరిగి వస్తుంటాయి. బుట్టల్లో రొయ్యలు, కాళ్లు కట్టేసిన పీతలు. అక్కడికక్కడే బేరాలు. ఆ బుట్టల్లోకి ఒకసారి తొంగి చూడండి. అవి నిండితే ముఖద్వారం తెరిచి ఉన్నట్టు. అడుగు కనిపిస్తే సరస్సు గొంతు ఎండుతున్నట్టు.

వెళ్లాలనుకుంటే...

* అక్టోబరు నుంచి మార్చి వరకు అనువైన కాలం. ఎండలు ముదిరితే పక్షులూ ఉండవు, ఉత్తరాన నీళ్లూ ఉండవు. తుపాను హెచ్చరికలుంటే ప్రయాణం మానుకోవాలి.

* తిరుపతి నుంచి సూళ్లూరుపేటకు బస్సులున్నాయి. చెన్నై-గూడూరు రైలు మార్గంలో సూళ్లూరుపేట, తడ స్టేషన్లు వస్తాయి. అన్నీ ఒక్కరోజులో చూడాలంటే సొంత వాహనమే మేలు.

* ఉదయం పక్షులు, ఎండెక్కేలోపు ఇరకం, మధ్యాహ్నం తర్వాత పళవేర్కాడు... ఈ వరుస పాటిస్తే హడావిడి ఉండదు. బైనాక్యులర్స్, టోపీలు, తాగునీళ్లు తప్పనిసరి.

* లైఫ్ జాకెట్ లేకుండా పడవెక్కొద్దు. 2011 డిసెంబరు 25న పళవేర్కాడులో పడవ బోల్తా పడి 22 మంది చనిపోయారు. లోతు తక్కువే కదా అన్న ధీమా పనికిరాదు. పడవలో పరిమితికి మించి జనం ఉంటే దిగిపోవడమే మంచిది.

* శ్రీహరికోట లోపలికి అనుమతి లేనిదే వెళ్లనివ్వరు. రాకెట్ ప్రయోగాల్ని జనం చూడటానికి 2019లో గ్యాలరీ ప్రారంభించారు. దానికి ఇస్రో వెబ్‌సైట్‌లో ముందే పేరు నమోదు చేసుకోవాలి.

* ఫ్లెమింగోలు ఎగిరితే ఫొటో బాగుంటుందని చప్పట్లు కొట్టి, రాళ్లు విసిరి బెదరగొట్టొద్దు. వేల కిలోమీటర్లు ఎగిరి వచ్చిన అతిథులవి. వాటి తిండి వాటిని తిననివ్వండి.