వేషము వెనుక రచయిత

విజయనగర మనగానే గురజాడవారు తలపునకు వచ్చుట సహజము. 1892లో కన్యాశుల్కమును తొలిసారి రంగమెక్కించిన ఆ పట్టణముననే 1939 ఏప్రిల్ 14న గొల్లపూడి మారుతీరావుగారు జన్మించిరి. విశాఖపట్టణమున పెరిగి, ఆంధ్ర విశ్వకళాపరిషత్తులో గణితభౌతికశాస్త్రము చదివి, ఆ చదువుతో పొత్తులేని ఆంధ్రప్రభ ఉపసంపాదకత్వమున కొంతకాలము, ఆకాశవాణిలో బహుకాలము పనిచేసి, కథలు, నవలలు, నాటకములు పుంఖానుపుంఖముగ వెలయించిన వీరిని, నేటి ప్రేక్షకుడు మాత్రము వెకిలినవ్వు ప్రతినాయకునిగనే గుర్తుంచుకొనినాడు. ఇది కొంత అన్యాయమే.

వీరికి అసలు బడి రేడియో యని నా యభిప్రాయము. అక్కడ తెర లేదు, దీపములు లేవు; తలుపు కిర్రుమనుట, గొంతు తడబడుట, నడుమ ఒక క్షణము మౌనము, ఇంతమాత్రముచేత ఒక ఇంటిని, ఇంటిలోని కలహమును శ్రోత చెవిలో నిలుపవలెను. ఆ విద్య పట్టుబడినవానికి ఏ మాట అనవసరమో ఇట్టే తెలియును.

సినిమాలో వీరి తొలి పని 1964 నాటి ‘డాక్టర్ చక్రవర్తి’. కోడూరి కౌసల్యాదేవిగారి ‘చక్రభ్రమణం’ నవలను తెరకెక్కించుటలో స్క్రీన్‌ప్లే రచనకు వీరు చేయి కలిపిరి. నవలలో పాత్ర మనసులోని సంశయమును రచయిత పుటలకొలది వర్ణింపవచ్చును. తెరపై ఆ పాత్ర ఏదో ఒకటి చేయవలెను, లేదా చేయక తప్పుకొనవలెను. స్క్రీన్‌ప్లే యనగా సన్నివేశములను వరుసపెట్టుట మాత్రమే కాదు, ఇట్లు మనసును చేష్టగా మార్చుట కూడ.

వీరి ‘కళ్లు’ నాటకమును చూడుడు. గ్రుడ్డి బిచ్చగాండ్రు పైసపైస కూడబెట్టి తమలో ఒకనికి చూపు తెప్పింతురు. చూపు వచ్చినవాడు తోడివారినే వంచించును. జాలితో సరిపుచ్చదగిన ఇతివృత్తమును ఇంత నిర్దయగా మలుపుట సామాన్యము కాదు. ఛాయాగ్రాహకుడు ఎం.వి. రఘు దర్శకుడై 1988లో దీనిని చలనచిత్రముగ అందించెను.

నటనకు దిగినది 1982లో, ‘ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్య’తో, నలుబది దాటిన పిదప. తరువాత వందలకొలది వేషములు, టీవీ కార్యక్రమములు, ‘జీవనకాలమ్’ శీర్షిక. వాని పట్టిక మనకిప్పుడేల?

1992లో ‘ప్రేమ పుస్తకం’ చిత్రమునకు తొలిసారిగా దర్శకత్వము వహించుచున్న కుమారుడు శ్రీనివాస్ విశాఖ సాగరతీరమున చిత్రీకరణ నడుమ అలలకు బలియయ్యెను. మిగిలిన భాగమును తండ్రియే పూర్తిచేసిరి. ఆ కుమారుని పేర నెలకొల్పిన పురస్కారము భారతీయభాషలలో తొలి చిత్రము తీసిన దర్శకులకు దక్కునది. ‘తారే జమీన్ పర్’కు ఆమిర్‌ఖాన్ సైతము దానిని అందుకొనెను.