ఇంటి అప్పులో లక్ష-ఏళ్ల లెక్క

50 లక్షల రూపాయల ఇంటి అప్పు, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు. హైదరాబాద్‌లోనో విజయవాడలోనో ఫ్లాటు కొనుక్కునే మధ్యతరగతి కుటుంబం ఇంచుమించు ఇలాంటి కాగితాల మీదే సంతకం పెడుతుంది. నెలకు కట్టాల్సిన ఈఎంఐ 43,391 రూపాయలు. దాన్ని 240 నెలలతో గుణిస్తే 1 కోటి 4 లక్షలు దాటుతుంది. తీసుకున్నది 50 లక్షలు, దాని మీద కట్టే వడ్డీ 54 లక్షల 14 వేలు. ఈ అంకె చూసి కొందరు గుండె పట్టుకుంటారు, మనకు ఒక ఇల్లు కొనుక్కుని బ్యాంకుకు ఒక ఇల్లు కొనిపెడుతున్నామని వాపోతారు. ఇంకొందరు, ఇరవై ఏళ్ల తర్వాత రూపాయికి విలువేముంటుందని తేలిగ్గా తీసిపారేస్తారు. రెండు మాటల్లోనూ కొంత నిజం ఉంది. కానీ రెండూ అప్పును రూపాయల్లోనే కొలుస్తున్నాయి. అప్పు ఖర్చు ఎంతో తేల్చేది మన దగ్గర ఎంత సొమ్ము ఎంతకాలం ఉండిపోయిందన్న సంగతి. ఆ కాలాన్ని కలుపుకుని కొలిస్తే గృహరుణం గురించి చెప్పుకునే చాలా మాటలు కొత్తగా కనిపిస్తాయి, కొన్ని తలకిందులవుతాయి కూడా.

ఊళ్లో అప్పు గురించి మాట్లాడుకునేటప్పుడు ఏడాదికి ఇంత శాతం అని ఎవరూ అనరు. రూపాయి వడ్డీ, రెండు రూపాయల వడ్డీ అంటారు. నూటికి నెలకు అంత అని అర్థం. ఆ భాషలో చెబితే 8.5 శాతం అంటే నూటికి సుమారు 71 పైసల వడ్డీ. ఆ లెక్కన మొదటి నెల 50 లక్షల మీద 35,417 రూపాయలు వడ్డీ అవుతుంది. కట్టిన 43,391లో అది పోగా అసలుకు జమయ్యేది 7,974. రెండో నెల వడ్డీ తగ్గిన బాకీ మీదే పడుతుంది కాబట్టి 35,360కి దిగుతుంది, అసలుకు 8,031 చేరుతుంది. అప్పు ముగిసేదాకా జరిగేది ఇంతే. వడ్డీ, అసలు, కాలం ముడిపడిన లెక్కలు మనకు కొత్త కావు. 9వ శతాబ్దపు మహావీరాచార్యుడి గణితసారసంగ్రహంలోని మిశ్రక వ్యవహారంలో ఇలాంటివి చాలా ఉన్నాయి. ఆ గ్రంథాన్ని పావులూరి మల్లన ఏనాడో తెలుగు చేశాడు. అయినా బ్యాంకు పంపే వాయిదాల పట్టిక చూడగానే చాలామందికి కలిగే అనుమానం ఒకటే: బ్యాంకు తెలివిగా వడ్డీని ముందే లాగేసుకుని అసలును చివరికి నెట్టేస్తోందని.

ఈ అనుమానానికి ఆధారం లేకపోలేదు. అయిదేళ్లు క్రమం తప్పకుండా కడితే జేబులోంచి 26 లక్షలు పోతాయి, అసలు తగ్గేది మాత్రం 5 లక్షల 94 వేలే. పదేళ్లకు, అంటే సగం గడువు గడిచేసరికి, కట్టింది 52 లక్షలు దాటినా ఇంకా 35 లక్షల బాకీ ఉంటుంది. అసలులో సగం తీరడానికి 13 ఏళ్ల 10 నెలలు పడుతుంది. కానీ ఇందులో మోసం లేదు. ఏ నెల వడ్డీ ఆ నెల బాకీ మీద మాత్రమే పడుతోంది. రేపటి వడ్డీ ఒక్క పైసా కూడా ఇవాళ వసూలు కావడం లేదు. మొదట్లో బాకీ ఎక్కువ కాబట్టి వడ్డీ ఎక్కువ. అసలు తీరే తీరులో మాత్రం ఒక చక్కని సంగతి ఉంది. అసలులో తీర్చిన ప్రతి నూరు రూపాయలూ మరుసటి నెల 71 పైసల వడ్డీని మిగులుస్తాయి. ఈఎంఐ మారదు కాబట్టి ఆ 71 పైసలూ అసలుకే చేరతాయి, చేరి తమ వంతు వడ్డీని తామూ మిగులుస్తాయి. అంటే ప్రతి నెలా అసలుకు జమయ్యే మొత్తం చక్రవడ్డీ వేగంతో పెరుగుతోందన్నమాట. 8.5 శాతం దగ్గర అది రెట్టింపు కావడానికి 98 నెలలు పడుతుంది: మొదటి నెల 7,974, 99వ నెల దాదాపు 15,900, 197వ నెల దాదాపు 31,800. మొదట్లో అప్పు కదలనట్టు ఉండి చివర్లో గబగబా కరిగిపోవడానికి కారణం ఇదే. మన పొదుపును పెంచే చక్రవడ్డీయే ఇక్కడ అప్పును తీరుస్తోంది, కాకపోతే చాలా చిన్న విత్తనంతో మొదలవుతోంది.

ఆ విత్తనం ఎంత చిన్నదో తేల్చేది గడువు. దీన్ని చూడటానికి ఒక కొలత పెట్టుకుందాం. ఒక లక్ష రూపాయల బాకీ ఒక ఏడాదిపాటు ఉంటే దాన్ని ఒక లక్ష-ఏడు అందాం, కూలీ పనిని పనిదినాల్లో లెక్కేసినట్టు. 8.5 శాతం దగ్గర ఒక్కో లక్ష-ఏటి ఖరీదు 8,500 రూపాయలు. మన 20 ఏళ్ల అప్పు మొత్తం 637 లక్ష-ఏళ్లు. 8,500తో గుణిస్తే వచ్చేది మొదట చెప్పిన 54 లక్షల 14 వేలే. అదే అప్పును 15 ఏళ్లలో తీరిస్తే 454 లక్ష-ఏళ్లు, 30 ఏళ్లకు సాగదీస్తే 1,040. వడ్డీ 38 లక్షల 63 వేలు ఒకచోట, 88 లక్షల 40 వేలు మరోచోట. రేటు మారలేదు, అప్పు మారలేదు, మారింది సొమ్ము మన దగ్గర గడిపిన కాలం. ఇంత చేసి గడువును 20 నుంచి 30 ఏళ్లకు పెంచితే ఈఎంఐ తగ్గేది 4,945 రూపాయలే. ఇంకా పెంచినా ప్రయోజనం లేదు. వందేళ్లు ఇచ్చినా ఈఎంఐ 35,417 కంటే దిగదు, ఎందుకంటే అది ఒట్టి వడ్డీ. గడువు పెరిగేకొద్దీ ఈఎంఐ ఆ నేలకు దగ్గరవుతూ ఉంటుంది, అసలుకు మిగిలేది అంతకంతకూ సన్నబడుతుంది. సమాన వాయిదా అన్న సౌకర్యానికి కూడా ఒక ధర ఉంది. ప్రతి నెలా అసలులో సమాన భాగం, అంటే 20,833 రూపాయలు, దాని మీద ఆ నెల వడ్డీ కట్టుకుంటూ పోతే మొత్తం 502 లక్ష-ఏళ్లతో 42 లక్షల 68 వేల వడ్డీకే అప్పు తీరేది. కానీ అప్పుడు మొదటి నెలే 56,250 కట్టాలి, ఉద్యోగ జీవితం మొదట్లో అది ఎందరివల్ల అవుతుంది?

ఇక్కడ అర్థశాస్త్రం చదివినవారు లేవనెత్తే అభ్యంతరం బలమైనది. ఇవాళ్టి రూపాయినీ ఇరవై ఏళ్ల తర్వాతి రూపాయినీ ఒకే గాటన కట్టి కూడటం తప్పు అంటారు వాళ్లు. నిజమే. ద్రవ్యోల్బణానికి రిజర్వ్ బ్యాంకు లక్ష్యం 4 శాతం, హద్దులు 2 నుంచి 6. మనం 5 శాతం వేసుకుంటే చివరి ఏడాది కట్టే 43,391 రూపాయలు ఇవాళ్టి విలువలో 17 వేలకు అటూఇటూగా ఉంటాయి. అలా ఒక్కో వాయిదానూ ఇవాళ్టి విలువకు దించి కూడితే మొత్తం 65 లక్షల 75 వేలే వస్తుంది. అంటే అప్పు అసలు భారం 54 లక్షలు కాదు, 16 లక్షలకు కాస్త తక్కువ. ముప్పై ఏళ్ల అప్పును ఇదే జల్లెడ పడితే 71 లక్షల 60 వేలు. పైకి 34 లక్షలుగా కనిపించిన తేడా 6 లక్షలకు కుంచించుకుపోతుంది. కోటి రూపాయల అంకె చూపి భయపెట్టేవాళ్లు ఈ లెక్క చెప్పరు. అయితే దీన్ని పూర్తిగా నమ్ముకోవడానికీ లేదు. ద్రవ్యోల్బణం అప్పును కరిగించేది మన ఆదాయం దానితోపాటు పెరిగినప్పుడే. జీతం ఆగిపోయినవాళ్లకు, నలభై దాటాక ఉద్యోగం మారాల్సి వచ్చినవాళ్లకు ఆ ఈఎంఐ ఏ ఏడూ తేలికపడదు. పైగా 8.5 శాతం అన్నది మారని రేటు కాదు. ధరలు ఎగిసినప్పుడు దాన్ని కూడా ఎగదోస్తారు. కరిగించే నిప్పే అప్పును కాస్త ఉబ్బిస్తుంది కూడా.

పన్ను మినహాయింపు వస్తుంది కదా అన్న వాదం అంత గట్టిది కాదు. ఈ అప్పు మీద మొదటి ఏడాది వడ్డీ 4 లక్షల 21 వేలు. సొంతంగా ఉండే ఇంటికి పాత పన్ను విధానంలో మినహాయింపు 2 లక్షల దాకానే. 30 శాతం శ్లాబులో సెస్సుతో కలిపి మిగిలేది 62,400 రూపాయలు. కొత్త విధానంలో అదీ లేదు. నూరు రూపాయల వడ్డీ కట్టి పదిహేను వెనక్కి తెచ్చుకోవడం కోసం అప్పు ఉంచుకోవాలనడం వింత లెక్క. ఇల్లు ధర పెరుగుతుంది కదా, అద్దె మిగులుతుంది కదా అనేవాళ్ల మాట నిజమే గానీ అది ఇంటి లాభం. అదే ఇంటిని తక్కువ లక్ష-ఏళ్లతో కొన్నా ఆ లాభం అంతే వస్తుంది.

రేటు మారడం దగ్గరే అసలు చిక్కంతా. 2019 అక్టోబరు 1 నుంచి బ్యాంకులు ఇచ్చే కొత్త ఫ్లోటింగ్ (రేటు మారే) గృహరుణాలన్నీ రెపో రేటు, అంటే బ్యాంకులకు రిజర్వ్ బ్యాంకు అప్పిచ్చే రేటు, లాంటి బయటి కొలమానానికి ముడిపడి ఉన్నాయి. 2022 మే మొదట్లో 4 శాతంగా ఉన్న రెపో 2023 ఫిబ్రవరికల్లా 6.5కి చేరింది. ఆ పెంపు మొదలవడానికి కొద్దిముందే 6.75 శాతానికి 20 ఏళ్ల గడువుతో 50 లక్షలు తీసుకున్నవారి ఈఎంఐ 38,018. ఏడాది తిరగకుండా వారి రేటు 9.25 అయింది, బాకీ ఇంకా 49 లక్షల 50 వేల దగ్గరే ఉందనుకోండి. ఆ నెల వడ్డీయే 38,156. ఈఎంఐ మొత్తం మింగినా వడ్డీ తీరదు, మిగిలిన 138 రూపాయలు బాకీకి చేరతాయి. ప్రతి నెలా ఠంచనుగా కడుతున్నా అప్పు పెరుగుతుంది. చాలాచోట్ల ఈఎంఐని ముట్టుకోకుండా గడువును మాత్రమే పెంచే అలవాటు ఉండటంతో జీతంలోంచి పోయే మొత్తం మారలేదు, ఇంట్లో ఎవరికీ అనుమానమూ రాలేదు. 2023 ఆగస్టు 18న రిజర్వ్ బ్యాంకు దీని మీద ఆదేశాలిచ్చింది: రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంతగానా అన్నది అప్పు తీసుకున్నవారే ఎంచుకునే వీలివ్వాలి, గడువు పెంచడం వల్ల బాకీ పెరిగే పరిస్థితి రాకూడదు. ఈ ఎంపిక విలువెంతో మొదటి ఉదాహరణలోనే చూడొచ్చు. అయిదేళ్ల తర్వాత 44 లక్షల 6 వేల బాకీ ఉండగా రేటు 8.5 నుంచి 9.5కి పెరిగితే, గడువు పెంచుకున్నవారు అదనంగా 26, 27 నెలలు కట్టాలి, అంటే సుమారు 11 లక్షల 55 వేలు. నెలకు 2,621 రూపాయలు ఎక్కువ కట్టడానికి ఒప్పుకున్నవారికి పడే అదనం 4 లక్షల 72 వేలు. 2025లో రెపో నాలుగు దఫాలుగా 1.25 శాతం తగ్గినప్పుడు ఇదే తక్కెడ ఎదురువైపు మొగ్గింది. ఈఎంఐని పాత చోటే ఉంచినవారి గడువు నెలలకు నెలలు కురచయింది.

వ్యక్తులకిచ్చే ఫ్లోటింగ్ గృహరుణాల్ని ముందుగా తీర్చినందుకు జరిమానా వేయకూడదన్న నిబంధన 2012 నుంచీ ఉంది. మన ఉదాహరణలో మొదటి ఏడాది చివర లక్ష రూపాయలు అదనంగా కట్టి ఈఎంఐని అలాగే ఉంచితే చివర్లో 11 వాయిదాలు ఎగిరిపోతాయి. లక్ష పోను మిగిలేది 3 లక్షల 82 వేలు. అదే లక్షను పదిహేనో ఏట కడితే తప్పేది మూడున్నర వాయిదాలు, మిగిలేది 51 వేలు. అందుకే అదనంగా కడితే మొదట్లోనే కట్టాలి, చివర్లో దండగ అనే మాట పుట్టింది. అది సగమే నిజం. ఎప్పుడు కట్టినా ఆ లక్ష సంపాదించేది ఏడాదికి 8.5 శాతమే, మొదట కట్టినదానికి 19 ఏళ్లు దొరికాయి, తర్వాతిదానికి అయిదే. కాబట్టి చూసుకోవాల్సింది ఆ లక్షకు ఇంకెక్కడైనా పన్ను పోను, నష్టభయం లేకుండా 8.5 శాతం వస్తుందా అన్నదే. ఫిక్స్‌డ్ డిపాజిట్లలో అది దొరకడం కష్టం. షేర్లలో రావచ్చు, రాకపోవచ్చు. ఆసుపత్రి ఖర్చుకో ఉద్యోగం పోతేనో చేతిలో ఉండాల్సిన సొమ్మును మాత్రం ఈ పోటీలోకి దించకూడదు, అప్పులో వేసిన డబ్బు అడగ్గానే తిరిగి రాదు.

ఇక్కడే బ్యాంకులో ఒక చిన్న ప్రశ్న ఎదురవుతుంది: అదనంగా కట్టినందుకు గడువు తగ్గించాలా, ఈఎంఐ తగ్గించాలా? మొదటి ఏడాది చివర కట్టిన లక్షకు ఈఎంఐ తగ్గించుకుంటే నెలకు 885 రూపాయలు ఊరట, మిగిలిన 19 ఏళ్లలో మొత్తం ఆదా లక్షా 2 వేలు. గడువు తగ్గించుకుంటే 3 లక్షల 82 వేలని చూశాం. మొదటిది మరీ నష్టమనిపిస్తుంది. కానీ లక్ష-ఏళ్లలో చూస్తే బ్యాంకు ఎటూ ఎక్కువ తీసుకోలేదు. ఆ 885 రూపాయలు ప్రతి నెలా మన చేతికే తిరిగొచ్చాయి. వాటిని ఏ నెలకానెల మళ్లీ అప్పుకే జమ చేస్తే రెండు దారులూ ఒకే నెలలో, ఒకే ఖర్చుతో ముగుస్తాయి.