పట్నం ఎంతవరకు?

విశాఖపట్నం జిల్లా జనాభా ఎంత? ఇప్పటి జిల్లా సరిహద్దుల్లో 2011 జనాభా లెక్కలు కూడితే 19.6 లక్షలు. మరి విశాఖ నగరం జనాభా? అవే లెక్కల ప్రకారం, మహా విశాఖ నగరపాలక సంస్థ పరిధిలో 20.36 లక్షలు. అంటే జిల్లాలో కంటే జిల్లా కేంద్రంలోనే జనం ఎక్కువ!

అచ్చుతప్పేమీ కాదిది. 2022 ఏప్రిల్ 4న రాష్ట్రంలో జిల్లాలను విడగొట్టినప్పుడు అనకాపల్లి వేరే జిల్లా అయింది. కానీ అనకాపల్లి పట్టణం అంతకుముందే మహా విశాఖలో కలిసిపోయింది. జిల్లా గీత ఒక దారిన పోయింది, నగరం గీత ఇంకో దారిన పోయింది. ఇవాళ అనకాపల్లి బెల్లం మార్కెట్ దగ్గర ఇల్లున్న ఆసామి ఇంటిపన్ను విశాఖ కార్పొరేషన్‌కి కడతాడు. భూమి కాగితాల పని పడితే మాత్రం అనకాపల్లి కలెక్టరేట్‌కి వెళ్తాడు. ఒకే కార్పొరేషన్, ఇద్దరు కలెక్టర్లు.

ఇంకో చిత్రం ఉంది. 2011లో జనాభా లెక్కలు తీసిననాడు కార్పొరేషన్ పరిధిలో తేలిన జనం 17.28 లక్షలే. అదే జనాభాను తర్వాత హద్దులు పెంచి మళ్లీ కూడితే 20.36 లక్షలైంది. ఎవరూ కొత్తగా పుట్టలేదు, ఎవరూ మూటాముల్లె సర్దుకుని రైలెక్కి రాలేదు. ఒక జీవోతో మూడు లక్షల మంది పట్నవాసులైపోయారు.

నగరం రెండు రకాలుగా పెరుగుతుంది. జనం వచ్చి పెరగడం ఒకటి, గీత జరిగి పెరగడం ఒకటి. ‘శరవేగంగా ఎదుగుతున్న మహానగరం’ అని వేదికల మీద చదివే అంకెల్లో ఈ రెండూ కలగాపులగంగా ఉంటాయి. వాటిని విడదీసి చూస్తే విశాఖ కథ కొంచెం వేరుగా కనిపిస్తుంది.

నలభై వేల ఊరు

1901లో విశాఖపట్నం జనాభా సుమారు 41 వేలు. కోట వీధి, కురుపాం మార్కెట్, పాత పోస్టాఫీసు చుట్టుపక్కల ఇప్పుడు మనం వన్ టౌన్ అని పిలిచేదే ఇంచుమించు అప్పటి పట్నమంతా. వాల్తేరు విడిగా దూరంగా ఉండేది. చినవాల్తేరు, పెదవాల్తేరుల్లో పొలాలుండేవి. 1931 నాటికి కూడా పట్నంలో 57 వేల మందే. ముప్పై ఏళ్లలో పదహారు వేలు పెరగడం ఆ రోజుల్లో చెప్పుకోదగ్గ సంగతేమీ కాదు.

తీరం వెంట ఇలాంటి రేవు ఊళ్లు చాలానే ఉండేవి. భీమిలి, కళింగపట్నం, కాకినాడ, బందరు. వాటిలో విశాఖను విడిగా నిలబెట్టింది డాల్ఫిన్స్ నోస్ కొండ, దాని వెనకున్న ఉప్పు చిత్తడి. బెంగాల్ నాగపూర్ రైల్వే ఆ చిత్తడిని తవ్వి లోపలి హార్బర్ కట్టింది. 1933 అక్టోబరులో ‘జలదుర్గ’ అనే ఓడ లోపలికి వచ్చింది. డిసెంబరులో వైస్రాయ్ విల్లింగ్డన్ లాంఛనంగా ప్రారంభించాడు. ఓడరేవు కట్టింది విశాఖ కోసం కాదు, మధ్య పరగణాల మాంగనీసు బయటికి పోవడానికి. అందుకోసమే 1931లో రాయపూర్ నుంచి విజయనగరానికి రైలు మార్గం పూర్తి చేశారు. ఎక్కడో అడవిలో తవ్విన ఖనిజం ఇక్కడ జనాభాను పెంచింది. ఆ తర్వాత కూడా ఈ ఊరి కథ దాదాపు అలాగే నడిచింది. నిర్ణయాలన్నీ బయటే జరిగాయి, బరువు మాత్రం ఇక్కడ పడింది.

1941లో సింధియా కంపెనీ ఓడల కర్మాగారానికి బాబూ రాజేంద్రప్రసాద్ శంకుస్థాపన చేశారు. మరుసటి ఏడాది ఏప్రిల్ 6న జపాన్ విమానాలు బాంబులు వేస్తే ఊరు సగం ఖాళీ అయింది. 1948 మార్చిలో నెహ్రూ వచ్చి అక్కడ కట్టిన ‘జలఉష’ ఓడను నీళ్లలోకి దించారు. 1957లో కాల్టెక్స్ రిఫైనరీ వచ్చింది. ఆ తర్వాత బీహెచ్‌పీవీ, కోరమండల్ ఎరువుల కర్మాగారం, తూర్పు నౌకాదళం, జింకు ఫ్యాక్టరీ వరసగా వచ్చాయి. ఓడల కర్మాగారం చేతులు మారి డెబ్భై ఏళ్లు దాటినా సిటీబస్సు బోర్డు మీద ఇంకా ‘సింధియా’ అనే ఉంటుంది.

ఇప్పుడు అంకెలు చూడండి. 1951లో 1.08 లక్షలు. 1971లో 3.63 లక్షలు. 1991లో చుట్టుపక్కల ఊళ్లు కలిపి 10.57 లక్షలు. ఇరవై ఏళ్లకోసారి ఇంచుమించు మూడింతలు! ఇది కేవలం గీత జరిపితే వచ్చే పెరుగుదల కాదు. శ్రీకాకుళం, విజయనగరం పల్లెల నుంచి కూలికి, కొలువుకు వచ్చినవాళ్లు, ఒడిశా నుంచి వచ్చినవాళ్లు, నేవీలో చేరి రిటైరై ఇక్కడే ఇల్లు కట్టుకున్న పంజాబీలు, మలయాళీలు, అందరూ కలిస్తే అయిన లెక్క. రంగూన్ నుంచి కట్టుబట్టలతో తిరిగొచ్చిన తెలుగువాళ్లకు కంచరపాలెం దగ్గర చోటిచ్చారు. ఆ పేట నేటికీ బర్మా క్యాంపే.

1991 తర్వాత? 2011 నాటికి 17.28 లక్షలు. ఇరవై ఏళ్లలో రెండింతలు కూడా కాలేదు. ‘మహా విశాఖ’ అనే పేరు, విశాలమైన హద్దులు వచ్చింది ఈ మందగించిన కాలంలోనే. గమనించాల్సింది ఇదే. జనం ముమ్మరంగా వచ్చిన రోజుల్లో పట్నం హద్దు ఇంతగా జరగలేదు. జనం రాక నెమ్మదించాక హద్దులు పరుగెత్తాయి.

ఉక్కు గీసిన గీత

విశాఖ పళ్లెంలాంటి ఊరు. ఉత్తరాన కైలాసగిరి, దక్షిణాన యారాడ కొండ, వెనక సింహాచలం కొండలు, ముందు సముద్రం. పళ్లెం నిండితే పొర్లడానికి రెండే దారులు. జాతీయ రహదారి పట్టుకుని నైరుతిలో గాజువాక వైపు, ఈశాన్యంలో మధురవాడ వైపు. మూడో దారి ఒకటుంది, దాన్ని పటాల్లో చూపించరు. అది కొండవాలు. డబ్బులేని వాళ్లు నిలువుగా పైకి ఎక్కారు. నగరంలో ఇళ్లు కట్టే కూలీలు, ఆ ఇళ్లలో పనిచేసే ఆడవాళ్లు ఎందరో ఆ మెట్ల దారుల్లోనే కాపురాలుంటున్నారు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ తుపాను వచ్చినప్పుడు ముందుగా ఎగిరిపోయినవి వాళ్ల రేకులే.

గాజువాక సంగతి విడిగా చెప్పాలి. ‘విశాఖ ఉక్కు - ఆంధ్రుల హక్కు’ అని 1966లో రాష్ట్రమంతా రోడ్డెక్కింది. కాల్పుల్లో ప్రాణాలు పోయాయి. 1970 ఏప్రిల్‌లో ఇందిరాగాంధీ ప్రకటించారు, 1971 జనవరిలో శంకుస్థాపన చేశారు. కర్మాగారం కోసం తీసుకున్న భూమి అప్పటి పట్నం హద్దుకు అవతల ఉంది. 64 ఊళ్లు లేచిపోయాయి. పొలం, తాటితోపు, చెరువు, గుడి అన్నీ వదిలి నిర్వాసిత కాలనీలకు మారిన కుటుంబాలు వేలల్లో ఉన్నాయి. వాళ్ల చేతికి వచ్చింది ఆర్ కార్డు. ఇంటికో ఉద్యోగం వస్తుందన్న ఆశ ఆ కార్డులో ఉంది. కొందరికి వచ్చింది. రానివాళ్ల కార్డులు కొడుకుల చేతికి, మనవల చేతికి వచ్చాయి. ఇప్పటికీ గాజువాక, పెదగంట్యాడ ప్రాంతాల్లో ఎన్నికలొస్తే ముందుగా వినిపించే మాట ఆర్ కార్డే.

ఊళ్లు పోయినవాళ్లూ, కొలువుల కోసం వచ్చినవాళ్లూ కలిసి గాజువాకను నగరం చేశారు. 2001 నాటికి అక్కడ రెండున్నర లక్షలకు పైగా జనం. కాగితం మీద మాత్రం అది పక్క మునిసిపాలిటీ. అదే ఏడాది విశాఖ కార్పొరేషన్ హద్దు లోపల ఉన్నవాళ్లు పది లక్షల లోపే. సెన్సస్ వాళ్లు మాత్రం చుట్టూ ఉన్నవి కలిపి 13.46 లక్షలని రాశారు. ఇదంతా ఒక్కటే ఊరని సెన్సస్ శాఖ పసిగట్టిన చాలా ఏళ్లకు గానీ ప్రభుత్వం ఒప్పుకోలేదు.

ఒప్పుకుంది 2005 నవంబరులో. గాజువాక మునిసిపాలిటీ, 32 గ్రామాలు కలిపి మహా విశాఖ నగరపాలక సంస్థ ఏర్పాటైంది. 111 చదరపు కిలోమీటర్ల ఊరు ఒక్కసారిగా దాదాపు అయిదింతలైంది. ఈ విస్తరణను తప్పు పట్టలేం, ఆలస్యమైందనే అనాలి. 2013 సంగతి వేరు. భీమిలి, అనకాపల్లి మునిసిపాలిటీలను, నడుమనున్న కొన్ని పంచాయతీలను కలిపేశారు. కోర్టు కేసులు నడిచాయి. మొత్తం విస్తీర్ణం 682 చదరపు కిలోమీటర్లకు చేరింది. ఇప్పటికీ భీమిలి దారిలో తోటలు, పొలాలు, ఎర్రమట్టి దిబ్బలు కనిపిస్తాయి. గాజువాక నగరమయ్యాక నగరంలో కలిసింది. ఇక్కడ ముందు కలిపేసి, నగరం తర్వాత వస్తుందిలే అనుకున్నారు.

భీమిలి మునిసిపాలిటీ 1861 నాటిది. డచ్చివాళ్లు కోట కట్టుకున్న ఊరు, తన బాగోగులు తానే చూసుకున్న ఊరు. నూటయాభై ఏళ్ల స్థానిక పాలన ఇప్పుడొక జోనల్ ఆఫీసు.

పోనీ, కలిసినందుకు నగరపాలనలో మాటైనా దక్కిందా? 2007లో ఎన్నికైన పాలకవర్గం గడువు 2012 ఫిబ్రవరిలో తీరింది. మళ్లీ ఎన్నికలు జరిగింది 2021 మార్చిలో. నడుమ తొమ్మిదేళ్లు ప్రత్యేకాధికారుల పాలన. నిన్నటిదాకా సర్పంచి ఇంటికెళ్లి కుళాయి రావట్లేదని నిలదీసిన పల్లెవాళ్లకు విలీనం నుంచి 2021 దాకా నిలదీయడానికి మనిషే లేడు. చివరికి 72 వార్డులు 98 అయ్యాక ఓటు వేశారు. ఈలోగా పంచాయతీతో పాటు ఉపాధి హామీ పని కూడా పోయింది. ఆ పథకం పల్లెలకే కదా! కూలికెళ్లే ఆడవాళ్లు గీత జరిగిన మర్నాడు కూడా కూలికెళ్లే ఆడవాళ్లే. చట్టం దృష్టిలో మాత్రం మహానగర పౌరులు.

నీళ్ల గీత, చెత్త గీత

కార్పొరేషన్ పటంలో గీత ఎక్కడుందో చూస్తే నగరం అసలు హద్దు తెలియదు. నీళ్లెక్కడి నుంచి వస్తున్నాయో చూడాలి. మొదట్లో ముడసర్లోవ సరిపోయేది. తర్వాత గోస్తనీ మీద తాటిపూడి, ఆ తర్వాత మేహాద్రి గెడ్డ, రైవాడ. ఉక్కు కర్మాగారం కోసం ఏలేరు నుంచి 150 కిలోమీటర్ల పొడవున కాలువ తవ్వారు. గోదావరి జిల్లా నీళ్లు ఆ కాలువలో నడిచొచ్చి విశాఖ కుళాయిల్లోనూ పడుతున్నాయి. రైవాడ నీళ్లు సాగుకే ఇవ్వాలని అక్కడి రైతులు ఏళ్ల తరబడి అడుగుతూనే ఉన్నారు. వాళ్ల ఊళ్లు ఏ విలీనంలోనూ కలవలేదు, కానీ వాళ్ల నీళ్లు ఎప్పుడో కలిసిపోయాయి.

చెత్త కూడా అంతే. భీమిలి దారిలోని కాపులుప్పాడ 2013లో నగరంలో కలిసింది. నగరం చెత్త అంతకు చాలాముందే అక్కడికి చేరింది. పట్నం పల్లెకు ముందుగా పంపేది డంపింగ్ యార్డును. రోడ్డు, వీధిదీపం, కార్పొరేటరు వెనకాల వస్తారు.

సముద్రం వైపు గీత కూడా స్థిరంగా ఏమీ లేదు. ఈ తీరంలో ఇసుక ఏడాదిలో ఎక్కువ కాలం దక్షిణం నుంచి ఉత్తరానికి కొట్టుకుపోతుంది. 1976లో వచ్చిన ఔటర్ హార్బర్ అడ్డుగోడలు ఆ ఇసుకను ఆపేశాయి. అందుకే ఆర్కే బీచ్ కోసుకుపోతుంటుంది. పోర్టు వాళ్లు ఇసుక తవ్వితీసి బీచ్‌కి పోస్తుంటారు, కెరటాలు మళ్లీ తీసుకుపోతుంటాయి. ఆదివారం సాయంత్రం పిల్లల్ని తీసుకెళ్లి కూర్చోబెట్టే ఆ ఇసుకలో కొంత డ్రెడ్జర్ పెట్టిన భిక్షే. పెద జాలారిపేటలో వలలు ఆరబెట్టుకునేవాళ్లకు ఇది ఎవరూ చెప్పక్కర్లేదు.

ఎన్ని గీతలో!

కార్పొరేషన్ గీత, జిల్లా గీత అయ్యాయి. అభివృద్ధి సంస్థది ఇంకో గీత. 1978లో పుట్టిన వుడా పరిధి మొదటి నుంచీ విజయనగరం దాకా ఉండేది. 2018లో అది వీఎంఆర్‌డీఏగా మారి ఇంకా విస్తరించింది. నీతి ఆయోగ్ ఎంచుకున్న ‘గ్రోత్ హబ్’ల తొలి జాబితాలో ముంబయి, సూరత్, వారణాసి పక్కన విశాఖ ఉంది. ఆ లెక్కన గీసే ఆర్థిక ప్రాంతం చాలా జిల్లాలను చుట్టేస్తుంది. రైల్వే గీత కూడా కదిలింది. విశాఖ కేంద్రంగా కొత్త జోన్ వచ్చింది, దానికోసం పాత వాల్తేరు డివిజన్‌ను కత్తిరించారు. విశాఖ కోసమని తలపెట్టిన భోగాపురం విమానాశ్రయం ఉన్నది విజయనగరం జిల్లాలో. ఇన్ని గీతల్లో ఏది విశాఖ అంటే, అడిగే పనిని బట్టి జవాబు మారుతుంది.

ఇందులో నష్టమేముంది అనొచ్చు. మహానగరాలన్నీ ఇలాగే పెరిగాయి కదా. నష్టం ఎక్కడంటే, లెక్క చెప్పడంలో. కేంద్రం నుంచి రావాల్సిన నిధులు, నీటి పథకాలు, ఆస్పత్రి పడకలు, బస్సులు అన్నీ తలకింత అని లెక్కగడతారు. 2011 తర్వాత జనాభా లెక్కలే లేవు. పదిహేనేళ్ల నాటి తలలను కొత్త గీతల్లో పోసి, పైన అంచనా చేర్చి ప్రణాళికలు రాస్తున్నారు. ఎంత జనం పెరిగారు, ఎంత గీత పెరిగింది అని విడగొట్టి చూపిన పట్టిక సామాన్యుడి చేతికి రాదు. కలిపిన పల్లె నుంచి ఎంత పన్ను వచ్చింది, ఆ పల్లెకు ఎంత ఖర్చయింది అన్న పట్టిక అసలే రాదు. నా మట్టుకు నాకు, 2013 విలీనం జరిగిన తీరు సరైంది కాదు. పట్నం పెరగకూడదని కాదు. కలుపుకున్నవాళ్లకు ఏమిస్తారో ముందే చెప్పాలి, ఓటు హక్కునైనా వెంటనే వాడుకోనివ్వాలి. ఆ రెండూ జరగలేదు.

కొత్త జనగణనకు ప్రామాణిక తేదీ 2027 మార్చి 1. అందుకోసం 2025 డిసెంబరు 31 తర్వాత పాలనా హద్దులు కదపకూడదని గడువు పెట్టారు. ఆ లెక్కలు బయటికొచ్చిన రోజు ‘విశాఖ ఇన్ని లక్షలు దాటింది’ అని పెద్దక్షరాలతో వార్తలొస్తాయి. ఈ పత్రికలో కూడా రావచ్చు. అప్పుడు ఒక్క ప్రశ్న అడగండి: ఏ గీత లోపల? 2005కి ముందున్న ఊళ్లో ఎంతమంది, గాజువాకలో ఎంతమంది, భీమిలి, అనకాపల్లిల్లో ఎంతమంది అని విడివిడిగా చెప్పమనండి. మీ పాత పంచాయతీ నుంచి ఏటా వసూలైన ఆస్తిపన్ను, అక్కడ పెట్టిన ఖర్చు కూడా చెప్పమనండి. సమాచార హక్కు చట్టం కింద ఆ దరఖాస్తుకు పది రూపాయలే ఫీజు.