రెండు పక్షాల మృతులకూ ఒకే శోకగీతం

గ్రీసు స్వరకర్త మికిస్ థియోడొరాకిస్ (1925–2021) తన మొదటి సింఫనీని ఇద్దరు మిత్రులకు అంకితమిచ్చారు. 1946–49 అంతర్యుద్ధంలో వాళ్లిద్దరూ చనిపోయారు. ఒకరు ప్రభుత్వ పక్షాన, మరొకరు దాని శత్రుపక్షాన.

నాజీ సైన్యాలు వెళ్లిపోయిన కొద్ది వారాలకే, 1944 డిసెంబరులో ఏథెన్స్ వీధుల్లో గ్రీకులు తమలో తామే కాల్చుకున్నారు. 1946 నాటికి అది పూర్తిస్థాయి యుద్ధమైంది. కమ్యూనిస్టుల నాయకత్వంలోని గెరిల్లాలు ఒకవైపు, మొదట బ్రిటన్, తర్వాత అమెరికా అండ ఉన్న ప్రభుత్వం మరోవైపు పోరాడాయి. వామపక్షీయుడైన థియోడొరాకిస్‌ను ఇకారియా దీవికి పంపేశారు. ఆ తర్వాత మక్రోనిసోస్ దీవిలోని నిర్బంధ శిబిరంలో చిత్రహింసలు పెట్టారు. సింఫనీకి రూపం వచ్చింది ఆ రోజుల్లోనే. తనను హింసించిన పక్షంలోని మిత్రుడికీ అందులో చోటిచ్చారాయన.

గెరిల్లాలు ఓడినా చీలిక పోలేదు. ఓడినవారిని ఏళ్ల తరబడి అనుమానంగానే చూశారు. సంగీతంలోనూ పై తరగతులకు ఒకటి, పేదలకు ఒకటి. తీగవాద్యం బుజూకీ అంటే కల్లుపాకలకూ జైళ్లకూ చెందినదని పెద్దమనుషులు ఈసడించేవారు. కొడుకును పోగొట్టుకున్న తల్లి శోకాన్ని చెప్పే యాన్నిస్ రిట్సోస్ కావ్యం 'ఎపిటాఫియోస్'ను థియోడొరాకిస్ తీసుకుని, బుజూకీతో, జానపద గాయకుల తరహా గొంతుగల గ్రిగోరిస్ బిథికోట్సిస్‌తో 1960లో రికార్డు చేయించారు. ఉన్నత కవిత్వం బజారు వాద్యంతో కలిసింది. నాలుగేళ్లకు ఒడీసియాస్ ఎలీటిస్ కావ్యం 'ఆక్సియోన్ ఎస్తీ'లో ఆర్కెస్ట్రా, బృందగానం, బుజూకీ ఒకే వేదికనెక్కాయి.

అంతర్యుద్ధాన్ని ఆయన సూటిగా చెప్పిన రచన 1962 నాటి సంగీత నాటకం 'చనిపోయిన సోదరుడి పాట'. పేరు పాత గ్రీకు జానపద గాథది. కథ మాత్రం చెరో పక్షాన నిలిచిన ఇద్దరు అన్నదమ్ములది, వారి తల్లిది. గెలిచిందెవరన్నది అక్కడ ప్రశ్న కాదు. ఆ తల్లికి ఇద్దరూ బిడ్డలే. సయోధ్యే నాటక సారం.

1967లో అధికారం చేజిక్కించుకున్న సైనిక నియంతలు ఆయన సంగీతాన్ని నిషేధించి, ఆయనను జైల్లో పెట్టారు. 1974లో నియంతృత్వం కూలాక ఆ పాటలు మళ్లీ సభల్లో మార్మోగాయి. 1990లో ఆయన కన్సర్వేటివ్ ప్రభుత్వంలో మంత్రిగా చేరినప్పుడు వామపక్ష మిత్రులు చాలామంది నొచ్చుకున్నారు. అయితే రెండు పక్షాలనూ కలపాలన్న ఆ తపన 1990లో పుట్టింది కాదు. మొదటి సింఫనీ అంకితంలోనే అది ఉంది.