క్యాల్ (యూనిక్స్ ఆదేశం)

క్యాల్ అనేది యూనిక్స్‌లోను, లినక్స్ వంటి యూనిక్స్ తరహా నిర్వాహక వ్యవస్థలలోను నెల లేదా సంవత్సరపు కేలండరును టెర్మినల్ తెరపై చూపే ఆదేశం. కేలండరు అనే ఆంగ్ల పదంలోని మొదటి మూడు అక్షరాలే దీని పేరు. 1971లో వెలువడిన యూనిక్స్ తొలి కూర్పు నుండి ఇది ఉంది. పోసిక్స్ ప్రమాణంలో కూడా చోటు చేసుకున్నది. చూడటానికి చాలా చిన్న ఆదేశమే అయినా, పాత తేదీలతో పని ఉన్నవారు దీని లోపల దాగిన ఒక ఊహను తెలుసుకోవడం అవసరం. ఇది చూపే కేలండరు ప్రపంచానికంతటికీ చెందినది కాదు. ఇంగ్లాండుకు, దాని వలసలకు చెందినది. ఈ తేడా ఎంత దూరం పోతుందో బాపట్ల జిల్లాలోని నిజాంపట్నం రేవు చరిత్రను చూస్తే స్పష్టమవుతుంది.

(ఈ వ్యాసంలో ఆదేశాలను తెలుగు లిపిలో ఇవ్వడమైనది. టైపు చేసేటప్పుడు చిన్న ఆంగ్ల అక్షరాలనే వాడాలి.)

వాడుక

ఏమీ జోడించకుండా క్యాల్ అని ఇస్తే నడుస్తున్న నెల కనిపిస్తుంది. క్యాల్ 2026 అంటే ఆ సంవత్సరపు పన్నెండు నెలలూ, క్యాల్ 8 2026 అంటే ఆ సంవత్సరపు ఆగస్టు నెల మాత్రమే వస్తాయి. సంవత్సరాన్ని పూర్తిగా నాలుగు అంకెలతో ఇవ్వాలి. క్యాల్ 78 అని ఇస్తే 1978 రాదు, క్రీస్తు శకం 78వ సంవత్సరం వస్తుంది. యాదృచ్ఛికంగా అది శాలివాహన శకం మొదలైన సంవత్సరం. 1 నుండి 9999 వరకు ఏ సంవత్సరాన్నైనా అడగవచ్చు.

-3 అనే ఐచ్ఛికం గత నెల, ఈ నెల, వచ్చే నెలలను పక్కపక్కన చూపుతుంది. -జె ఇస్తే నెలలోని తేదీకి బదులు సంవత్సరంలో అది ఎన్నో రోజో వస్తుంది. రెండు తేదీల మధ్య రోజులు లెక్కించడానికి ఇది మంచి సాధనం. ఉదాహరణకు తూర్పు తీరంలో ఏటా ఏప్రిల్ 15 నుండి జూన్ 14 వరకు మర పడవల సముద్రపు వేటపై నిషేధం ఉంటుంది. నిజాంపట్నం హార్బరులోని పడవలకూ ఇది వర్తిస్తుంది. క్యాల్ -జె 4 2026 ఇస్తే ఏప్రిల్ 15 స్థానంలో 105 కనిపిస్తుంది. జూన్ నెలకు అడిగితే 14వ తేదీ స్థానంలో 165 ఉంటుంది. మొదటి రోజును కూడా కలుపుకుంటే నిషేధ కాలం 61 రోజులు. లీపు సంవత్సరంలో ఈ సంఖ్యలు 106, 166 అవుతాయి, వ్యవధి మారదు. మాన్యువల్ ఈ సంఖ్యలను జూలియన్ దినాలు అంటుంది గాని, కింద చెప్పబోయే జూలియన్ కేలండరుతో వీటికి సంబంధం లేదు.

ఐచ్ఛికాలు అన్ని వ్యవస్థలలోను ఒకటి కావు. యుటిల్-లినక్స్ వారి కూర్పులో -ఎమ్ అంటే వారం సోమవారంతో మొదలవుతుంది. బి.ఎస్.డి. నుండి వచ్చిన కూర్పులో అదే అక్షరానికి "ఫలానా నెల" అని అర్థం. కనుక కొత్త యంత్రం ముందు కూర్చున్నప్పుడు మాన్యువల్ ఒకసారి చూసుకోవడం మేలు.

1752 సెప్టెంబరు

క్యాల్ 9 1752 అని ఇచ్చినప్పుడు వచ్చే ఫలితం మొదటిసారి చూసేవారికి ప్రోగ్రాములో దోషంలా కనిపిస్తుంది. మంగళవారం 1, బుధవారం 2, ఆ వెంటనే గురువారం 14. మధ్యలో 11 తేదీలు లేవు. ఆ నెల 19 రోజులతో ముగుస్తుంది.

ఇది దోషం కాదు. రోమన్ల కాలం నుండి ఐరోపాలో ఉన్న జూలియన్ కేలండరు ప్రతి నాలుగవ సంవత్సరాన్నీ లీపు సంవత్సరంగా లెక్కించింది. సౌర సంవత్సరం 365 రోజుల 6 గంటల కంటె సుమారు 11 నిమిషాలు తక్కువ కావడంతో శతాబ్దాల మీద తేదీలు ఋతువుల నుండి జరిగిపోయాయి. 1582లో పోపు 13వ గ్రెగరీ ఈ తప్పును సవరించి 10 రోజులు తీసివేయించాడు. ఇకపై 400తో భాగింపబడని శతాబ్ది సంవత్సరాలు లీపు సంవత్సరాలు కారాదని నిర్ణయించాడు. ఇటలీ, స్పెయిన్, పోర్చుగల్ ఆ అక్టోబరులోనే మారాయి, ఫ్రాన్సు డిసెంబరులో మారింది. ప్రొటెస్టంటు మతావలంబి అయిన ఇంగ్లాండు మాత్రం 170 ఏళ్ళు ఆగి 1752లో మారింది. అప్పటికి 1700 సంవత్సరం కూడా దాటినందున తేడా 11 రోజులకు పెరిగింది.

పోసిక్స్ ప్రమాణం ఈ ఇంగ్లీషు తేదీనే ఖాయం చేసింది. 1752 సెప్టెంబరు 2 వరకు జూలియన్, సెప్టెంబరు 14 నుండి గ్రెగోరియన్. అందువలన క్యాల్ 2 1700 అడిగితే 29 రోజులు కనిపిస్తాయి. పారిస్‌లో ఆ ఫిబ్రవరికి 28 రోజులే ఉన్నాయి.

నిజాంపట్నంలో తేదీల చిక్కు

17వ శతాబ్దపు ఐరోపా వర్తకులు నిజాంపట్నాన్ని పెటపోలి అని వ్రాసేవారు. ఇది పెద్దపల్లి అనే పేరు నుండి వచ్చింది. డచ్చివారు 1606లో ఇక్కడ వర్తక స్థావరం పెట్టారు. ఇంగ్లీషు ఈస్టిండియా కంపెనీకి చెందిన గ్లోబ్ అనే ఓడ ఆంథొనీ హిప్పన్ నాయకత్వంలో 1611 ఆగస్టులో ఈ తీరానికి వచ్చింది. పులికాట్‌లో డచ్చివారు అడ్డు చెప్పగా ఉత్తరానికి సాగి పెటపోలి చేరి, అక్కడి నుండి మచిలీపట్నం వెళ్ళింది. ఓడలో వచ్చిన ముఖ్య వర్తకులు పీటర్ ఫ్లోరిస్, లూకాస్ ఆంథెనిస్ ఇద్దరూ ఇంగ్లీషు కంపెనీ కొలువులో ఉన్న డచ్చివారే కావడం విశేషం.

హాలెండు, జీలాండు రాష్ట్రాలు 1582-83 చలికాలంలోనే గ్రెగోరియన్ కేలండరుకు మారాయి. డచ్చి కంపెనీ ఆ కొత్త లెక్కనే వాడింది. ఇంగ్లీషు కంపెనీ పాత లెక్కలోనే ఉంది. కనుక ఒకే రేవులో, ఒకే రోజున, రెండు కంపెనీల పుస్తకాలలో పది రోజుల తేడాతో తేదీలు పడేవి. ఇంగ్లీషువారికి 1611 ఆగస్టు 1 అయిన గురువారం డచ్చివారికి ఆగస్టు 11. అదే రోజు గోల్కొండ సుల్తాను మహమ్మద్ కులీ కుతుబ్‌షా కొలువులో హిజరీ 1020వ సంవత్సరం. ఊరి పురోహితుని పంచాంగంలో శాలివాహన శకం 1533, విరోధికృతు నామ సంవత్సరం.

ఈ పది రోజులు చిన్న విషయంగా తోచవచ్చు. ఊహకు, డచ్చి ఉత్తరం ఒకదానిపై ఆగస్టు 20 అని, ఇంగ్లీషు ఉత్తరం ఒకదానిపై ఆగస్టు 12 అని ఉన్నాయనుకుందాం. తేదీలను ఉన్నవి ఉన్నట్టు తీసుకుంటే ఇంగ్లీషు ఉత్తరమే ముందు వ్రాసినదిగా తోస్తుంది. నిజానికి ఆగస్టు 12 డచ్చి లెక్కలో 22 అవుతుంది. డచ్చి ఉత్తరమే రెండు రోజులు ముందుది. ఎవరు ఎవరికి బదులు వ్రాశారన్నది తారుమారు అవుతుంది. రేవులో పోటీపడిన రెండు కంపెనీల చరిత్ర వ్రాసేవారికి ఇంతకంటె పెద్ద పొరపాటు ఉండబోదు.

ఇంగ్లీషు కాగితాలలో మరొక చిక్కు ఉంది. 1751 వరకు వారి అధికారిక సంవత్సరం మార్చి 25న మొదలయ్యేది. వారు 1621 ఫిబ్రవరి అని వ్రాసిన నెల మన లెక్కలో 1622 ఫిబ్రవరి. అందుకే కొందరు 1621/22 అని రెండూ వ్రాసేవారు. క్యాల్ మాత్రం అన్ని సంవత్సరాలనూ జనవరితోనే మొదలుపెడుతుంది. ఇది చరిత్ర దృష్ట్యా అమాయకమైన పద్ధతి అని పాత యూనిక్స్ మాన్యువల్లో దోషాల శీర్షిక కింద ఒప్పుకున్నారు కూడా.

ఇక 1752లో పోయిన ఆ 11 రోజులు నిజాంపట్నంలో పోయాయా? ఆ ఏడాది ఈ ఊరు ఇంగ్లీషువారి ఏలుబడిలో లేదు. 1759లో సలాబత్ జంగ్ మచిలీపట్నంతో పాటు నిజాంపట్నం సర్కారును వారికి ఇచ్చాడు. అప్పటికి వారి కేలండరు మారి ఏడేళ్ళయింది. ఊరి జనానికి తిథివార నక్షత్రాలు ఏ తెగింపూ లేకుండా సాగిపోయాయి. క్యాల్ చూపే ఆ ఖాళీ ఈ ఊరి చరిత్రలో లేదు.

ఎన్‌క్యాల్

ఫ్రీబీఎస్‌డీలో వచ్చిన ఎన్‌క్యాల్ అనే ఆదేశం ఈ లోపాన్ని కొంత తీరుస్తుంది. దీనిలో వారాలు నిలువుగా, తేదీలు పై నుండి కిందికి వస్తాయి. -పి ఇస్తే ఏ దేశం ఎప్పుడు కేలండరు మార్చుకున్నదో పట్టిక వస్తుంది. -ఎస్ తరువాత దేశ సంకేతం ఇస్తే ఆ దేశపు లెక్క ప్రకారం నెల వస్తుంది. క్యాల్ 8 1611 ప్రకారం ఆగస్టు 1 గురువారం. ఎన్‌క్యాల్ -ఎస్ ఎన్ఎల్ 8 1611 ప్రకారం సోమవారం. ఒక ఉత్తరంలో తేదీతో పాటు వారం కూడా ఉంటే, ఈ రెండింటినీ పోల్చి అది ఏ లెక్కలో వ్రాసినదో తేల్చవచ్చు. యుటిల్-లినక్స్ కూర్పులలో ఇదే పనికి రిఫార్మ్ అనే ఐచ్ఛికాన్ని తరువాత చేర్చారు.

కంప్యూటరు లేకపోయినా ఒక ఉపాయం ఉంది. గ్రెగోరియన్ కేలండరు 400 ఏళ్ళకు ఒకసారి వారాలతో సహా తిరిగి వస్తుంది. ఆ కాలంలోని 1,46,097 రోజులు 7తో నిశ్శేషంగా భాగింపబడతాయి. కాబట్టి డచ్చివారి 1611 కేలండరు, గోడకు వేలాడిన 2011 కేలండరు అక్షరాలా ఒకటే.

ఎన్‌క్యాల్ పట్టికను కూడా పూర్తిగా నమ్మరాదు. అది నెదర్లాండ్స్ మొత్తానికి ఒకే తేదీ చెబుతుంది. యుట్రెక్ట్ వంటి రాష్ట్రాలు 1700 వరకు పాత లెక్కలోనే ఉన్నాయి. భారతదేశం ఆ పట్టికలో లేనే లేదు.

చూపనివి

క్యాల్‌లో తిథి, నక్షత్రం, అమావాస్య, పౌర్ణమి, పండుగలు ఉండవు. సముద్రపు పోటుపాటులు చంద్రుని బట్టి నడుస్తాయి కనుక మత్స్యకారులకు పనికివచ్చేది పంచాంగమే. 1957 మార్చి 22 నుండి భారత ప్రభుత్వం వాడుతున్న జాతీయ శక కేలండరును కూడా ఇది చూపదు. తెలుగు లొకేల్ ఎంచుకున్నచో నెలల, వారాల పేర్లు తెలుగులో వస్తాయి గాని, తెలుగు అక్షరాల వెడల్పును టెర్మినల్ సరిగా లెక్కించకపోతే శీర్షికలు తేదీల నిలువు వరుసలపై కుదురుగా కూర్చోవు.