గుమ్మం రాతి మీద రాక్షసబల్లి అడుగు



ఏన్కూరులో మా ఆడపడుచు గారింటి పెరట్లో సిమెంటు గచ్చు చేయించారు. మేస్త్రీ అలా వెళ్ళాడో లేదో, ఒక కోడి పచ్చి గచ్చు మీద అడ్డంగా నడిచిపోయింది. ఆ కోడి ఏనాడో కూరైపోయింది గాని, దాని మూడువేళ్ళ గుర్తులు మాత్రం ఇప్పటికీ ఉన్నాయి. ఎటునుంచి వచ్చింది, ఎక్కడ ఆగింది, ఎక్కడ బెదిరి పరుగెత్తింది, అన్నీ వాటిని చూసి చెప్పేయవచ్చు.

డైనోసార్లని పిల్లలు చెబుతుంటారే, ఆ రాక్షసబల్లుల అడుగులు రాళ్ళలో నిలిచిపోవడం కూడా ఇలాగే జరిగింది. నీటి ఒడ్డున బురద మరీ జారుగా ఉంటే గుర్తు పూడిపోతుంది, మరీ గట్టిగా ఉంటే అసలు పడదు. పూరీ పిండిలా సరిపాటుగా ఉండాలి. పడిన గుర్తు ఎండకు ఆరాక, దానిమీద ఇసుకో ఒండ్రో మెల్లగా పరుచుకోవాలి. అలా పొర మీద పొర పేరుకుని, ఆ బరువుకు లక్షల ఏళ్ళలో అంతా రాయవుతుంది. ఎప్పుడో గాలివానలకు పైపొర ఊడితే అడుగు బయటపడుతుంది.

ఎముకలు దొరుకుతుండగా అడుగులతో పనేమిటంటారా? ఎముకల విషయంలో మన గోదావరి తల్లికి లోటు లేదు. భద్రాచలానికి ఎగువన, ప్రాణహిత–గోదావరి లోయలో, పోచంపల్లి దగ్గర (చీరల పోచంపల్లి కాదండోయ్) 1958 తరువాత కలకత్తా ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్ వారు పెద్ద పెద్ద ఎముకలు తవ్వి తీశారు. 1975లో ఆ జంతువుకు ‘బరపాసారస్ టాగోరై’ అని పేరు పెట్టారు. బెంగాలీలో ‘బరా పా’ అంటే పెద్ద కాలు. టాగోరై అన్నది రవీంద్రుని పేరిట. దాని పొడవు సుమారు 14 మీటర్లు. ఎముకలతోపాటు చెట్ల మానులూ రాళ్ళయి దొరికాయి గనుక, వరదలో మంద కొట్టుకుపోయి ఉంటుందని శాస్త్రజ్ఞులు ఊహించారు. అంటే అది ఎలా చచ్చిందో తెలిసిందన్నమాట. యామనపల్లి దగ్గర దొరికిన దాని చుట్టం కోటసారస్ అస్థిపంజరం హైదరాబాదు బిర్లా సైన్స్ సెంటర్లో ఉంది. పిల్లల్ని తీసుకువెళ్ళి చూపించండి.

ఎలా బతికిందో తెలియాలంటే మాత్రం అడుగులే గతి. రాజస్థాన్‌లో జైసల్మేరు దగ్గర థయాట్ ఊరి రాళ్ళలో 2014లో మూడువేళ్ళ అడుగులు కనబడ్డాయి. ఒకటి సుమారు అడుగు పొడవు, ఇంకొకటి రెండంగుళాలు. పాదం పొడవుకు సుమారు నాలుగు రెట్లు తుంటి ఎత్తు అని లెక్క. అడుగుకూ అడుగుకూ మధ్య దూరాన్నిబట్టి వేగం కట్టే పద్ధతిని 1976లో అలెగ్జాండర్ అనే బ్రిటిష్ శాస్త్రజ్ఞుడు చెప్పారు. తోక ఈడ్చిన గీత బహు అరుదు, కనుక తోక పైకెత్తే నడిచేవి. ఒకేవైపు సాగిన అడుగుల వరసలు మందలుగా తిరిగేవని చెబుతాయి.

ఇటువంటి రాయి ఒకటి ఒక ఇంటి గుమ్మంలోనే పడి ఉన్న కథ వినండి. 1802లో అమెరికాలోని మసాచుసెట్స్‌లో ప్లినీ మూడీ అనే రైతుబిడ్డ పొలం దున్నుతుంటే అడుగులున్న బండ తగిలింది. వాళ్ళు దాన్ని గుమ్మం ముందు మెట్టుగా వేసుకున్నారు! చూసినవాళ్ళు జలప్రళయం నాటి నోవా కాకి అడుగులన్నారు. 1836లో హిచ్‌కాక్ అనే పండితుడు ఇటువంటి అడుగులు పెద్ద పక్షులవని రాశారు. అవి రాక్షసబల్లులవని తరువాత తేలింది. చిత్రమేమిటంటే, పక్షులు రాక్షసబల్లుల సంతతేనని నేటి శాస్త్రం అంటోంది. మా ఆడపడుచు గారి కోడి కూడా ఆ వంశానిదే!

అందుకని, పిల్లవాడు వింత గుర్తున్న రాయి తెచ్చి చూపిస్తే “అవతల పారెయ్” అని కసరకండి. ఎక్కడ దొరికిందో రాసిపెట్టండి. బండ మీదే గుర్తుంటే పగలగొట్టనివ్వకుండా, పక్కన రూపాయి బిళ్ళ పెట్టి ఫోటో తీయించి, సైన్సు మాస్టారికో, జియొలాజికల్ సర్వే వారికో తెలియజేయండి. కోట్ల ఏళ్ళు నిలిచిన అడుగు మన గుమ్మంలో అరిగిపోకూడదు గదా!